ఒకే హాల్లో ఇద్దరు స్పీకర్లు

చరిత్ర పాఠాలు చెప్పడానికి కొత్తగా చేరే పిల్లలకు నేను చెప్పే మొదటి మాట: నోట్సు డిక్టేట్ చేయకండి. మీరు చదువుతూ పోతే వాళ్ళు రాస్తూ పోతారు, గంట కొడతారు, నెలకు జీతమూ వస్తుంది. కాని అది పాఠం కాదు, దస్తూరీ అభ్యాసం. నేను ఉద్యోగంలో చేరినప్పుడు ఈ ముక్క ఎవరైనా చెప్పి ఉంటే మొదటి ఏడాది నా గొంతు అంత అరిగిపోయేది కాదు.

నెల్లూరులో ఒక ప్రైవేటు కాలేజీలో చాలా ఏళ్ళు చరిత్ర చెప్పాను. ఇంక్రిమెంట్లు, సీనియారిటీ తగాదాలు, తనిఖీలకు వచ్చినవాళ్ళకు పెట్టిన విందులు, ఇవేవీ ఇక్కడ రాయను. అవి చదవాలని ఎవరికైనా ఉబలాటంగా ఉంటే ముందు వాళ్ళు డాక్టరుకు చూపించుకోవడం మంచిది. అరవైల్లో చెప్పిన ఒక్క పాఠం గురించి రాస్తాను. సౌత్ కరోలినా అని అమెరికాలో దక్షిణాన ఒక రాష్ట్రం. వాళ్ళ అంతర్యుద్ధం అయిపోయాక అక్కడ నడిచిన రాజకీయం గురించి ఆ పాఠం. నెల్లూరికీ దానికీ ఏం సంబంధం అని నవ్వకండి. మా ప్రిన్సిపాల్ గారు కూడా మొదట నవ్వారు.

ప్రిన్సిపాల్ గారి లండన్

ఆయన మద్రాసులో చదువుకున్న పాతకాలపు మనిషి. ఎండాకాలంలో కూడా కోటు తీసేవారు కాదు. ఆయన దృష్టిలో చరిత్ర లండన్‌లో పుట్టి, లండన్‌లోనే పెరిగి, అప్పుడప్పుడూ మన దేశానికి చుట్టపుచూపుగా వచ్చి పోయింది. యూనివర్సిటీవాళ్ళు బి.ఏ.లో అమెరికా చరిత్రను ఒక పేపరుగా పెట్టేసరికి ఆయన సిలబస్ కాగితం నా బల్ల మీదికి తోసేశారు.

"అమ్మాయ్, నీకు అదంటే ఇష్టం గదా, నువ్వే చెప్పుకో. వాళ్ళకు రాజులేరి? రాజులు లేని చరిత్ర ఏం చరిత్ర?" అన్నారు.

ఆయన్ను చూస్తే చాలాసార్లు ఒళ్ళు మండేది. కాని ఒక్క విషయం ఒప్పుకోవాలి. ఆయనకు పార్లమెంటు మర్యాదలంటే ప్రాణం. సభలో ఎవరు ముందు లేవాలి, ఎవరు ఎవరికి తల వంచాలి, స్పీకరు ఎప్పుడు మాట్లాడాలి, ఇవన్నీ కళ్ళు మూసుకుని చెప్పేవారు. అలాంటి పట్టుదల ఉన్న పైఅధికారి విసుగు పుట్టిస్తాడు, కాని ఆయన ఎటు మొగ్గుతాడో మనకు ముందే తెలుస్తుంది. ఏ పట్టుదలా లేని మంచి మనిషి కింద పనిచేయడం అంతకంటే కష్టం. తర్వాత రోజుల్లో అలాంటివాళ్ళ కిందా చేశాను కనుక చెప్తున్నాను.

మొలగొలుకుల కంటేనా?

మొదట్లో ఆ పేపరు చెప్తుంటే సగం క్లాసు నిద్రపోయేది. ఒకరోజు పుస్తకం మూసేసి, బోర్డు మీద సముద్రం గీశాను. సముద్రానికి ఇవతల ఏటిపాయలు, పాయల పక్కన కట్టలు, కట్టలకు తూములు, తూముల వెనక మడులు.

"ఇది ఎక్కడో చెప్పండి" అన్నాను.

"మా తోటపల్లి గూడూరే గదా మేడమ్!" అన్నాడు వెనక బెంచీలోంచి ఒకడు.

"కాదు, సౌత్ కరోలినా."

"అమెరికాలో వరి పండిస్తారా?" అని క్లాసంతా లేచి కూర్చుంది. అక్కడి తీరంలో పోటు నీటిని తూములగుండా మడుల్లోకి వదిలి వరి పండించేవాళ్ళనీ, ఆ విద్య తెలిసినవాళ్ళని ఆఫ్రికా నుంచి పట్టుకొచ్చి బానిసల్ని చేశారనీ, బంగారు రంగులో ఉండే ఆ వడ్ల మీదే అక్కడి దొరల మేడలు లేచాయనీ చెప్పాను.

"మన మొలగొలుకుల కంటే మంచివా మేడమ్ ఆ వడ్లు?" అని అడిగాడు రఘు. కాలేజీ కమిటీ ప్రెసిడెంటు రెడ్డిగారి మేనల్లుడు. వాడి బాధ వాడిది. నెల్లూరువాడికి ఇంకో ఊరి బియ్యాన్ని మెచ్చుకుంటే ప్రాణం మీదికొచ్చినట్టే ఉంటుంది.

ఆ రోజు నుంచి ఎవరూ నిద్రపోలేదు. యుద్ధం ముగిసి బానిసలు విడుదలయ్యాక, దొరలు వెంటనే ఒక చట్టం తెచ్చారని చెప్పాను. దాంట్లో పనిచేసేవాడి పేరు సేవకుడు, చేయించుకునేవాడి పేరు యజమాని. పొద్దు పొడిచినప్పటి నుంచి కుంకేదాకా పని. సెలవు లేనిదే పొలం దాటి పోరాదు. రెండో వరసలో కూర్చునే ప్రభుదాసు రాయడం ఆపి నా వైపు చూశాడు. తర్వాత కేంద్ర ప్రభుత్వం ఆ చట్టాన్ని కొట్టేసి, నల్లవాళ్ళకు ఓటిచ్చిందనీ, ఆ రాష్ట్రంలో వాళ్ళే ఎక్కువమంది కాబట్టి నిన్నటి బానిసలు శాసనసభకు వచ్చారనీ, పేదపిల్లలకు బడులు పెట్టారనీ చెప్పేసరికి గంట కొట్టారు. ఎవరూ లేవలేదు. ఉపాధ్యాయవృత్తిలో నాకు దొరికిన సుఖమంటే అదే. ఇప్పటికీ తలుచుకుంటే ఒళ్ళు పులకరిస్తుంది.

దుప్పట్లు, ఎర్రచొక్కాలు

మా కాలేజీలో ఏటా మాక్ పార్లమెంటు జరిగేది. ప్రతిసారీ ఎవడో ప్రధానమంత్రి, ఎవడో ఆహార మంత్రి, అవే జోకులు. ఈసారి సౌత్ కరోలినా సభ వేద్దామన్నాను. ఎందుకంటే ఆ కథ నాటకం కంటే గొప్పగా ఉంటుంది.

దొరలకు ఆ కొత్త సభలు మింగుడుపడలేదు. కొన్నేళ్ళు పళ్ళు కొరుక్కుని, ఒక ఎన్నికలప్పుడు ఎర్రచొక్కాలు తొడుక్కున్న తుపాకీ దళాల్ని ఊళ్ళమీదికి వదిలారు. ఓట్ల లెక్క తేలలేదు. మేం గెలిచామంటే మేం గెలిచామని రెండు పక్షాలూ ఒకే హాల్లోకి వచ్చి కూర్చున్నాయి. ఇద్దరు స్పీకర్లు. రెండు సభలు ఒకేసారి నడుస్తాయి. లేచిపోతే చోటు పోతుందని నాలుగు రోజులు అక్కడే తిని, అక్కడే పడుకున్నారు.

ఇది వినగానే ప్రిన్సిపాల్ గారి కళ్ళజోడు ముక్కు చివరికి జారింది. "ఒకే హాల్లో ఇద్దరు స్పీకర్లా? ఘోరం! మహా ఘోరం! తప్పకుండా వెయ్యి!" అన్నారు.

పిల్లలకు పండగైంది. లేస్తే చోటు పోతుందన్న సంగతి వాళ్ళకు వివరించాల్సిన పనే లేదు. బస్సు కిటికీలోంచి తువ్వాలు విసిరి సీటు పట్టుకునే జాతి మనది. దుప్పట్లు, చెంబులు, క్యారియర్లు తెచ్చుకున్నారు. దొరల పక్షం వేషాల దగ్గరే చిక్కొచ్చింది. అమెరికా భూస్వామి ఎలా ఉంటాడో ఎవరూ చూడలేదు. కోటు కాలేజీ మొత్తంలో ప్రిన్సిపాల్ గారికి ఒక్కరికే ఉంది, ఆయన ఇవ్వరు. భూస్వామి ఎలా ఉంటాడో మాత్రం అందరికీ తెలుసు. కాబట్టి రఘు జట్టు సన్నటి గ్లాస్గో పంచెలు కట్టి, జరీ కండువాలు వేసుకుని దిగింది. ఒకడి చేతిలో వెండిపొన్ను కర్ర, ఇంకొకడి చేతిలో పొడుం డబ్బీ.

అవతలి జట్టులో ఎవడో మొహాలకు మసి పూసుకుందామన్నాడు.

"మసెందుకురా, ఉండే రంగు చాల్లేదా మనకు?" అన్నాడు ప్రభుదాసు. అందరికంటే గట్టిగా రఘు నవ్వాడు.

ప్రభుదాసును విముక్తుల, అంటే నిన్నటి బానిసల పక్షానికి స్పీకరుగా ఎన్నుకున్నది కూడా రఘు మాట మీదే. ఇద్దరిదీ ఒకే ఊరు. ఆదివారాలు చర్చిలో వాక్యం చదివీ చదివీ ప్రభుదాసుకు గంటలాంటి గొంతు వచ్చింది. "వాడి గొంతు ముందు మేమెంత మేడమ్!" అన్నాడు రఘు. తను దొరల పక్షం స్పీకరయ్యాడు. చరిత్ర టీచరుగా ఒక మాట చెప్పాలి. అసలు జరిగిన ఆ నాలుగు రోజులూ విముక్తుల తరఫు స్పీకరు ఒక తెల్లాయన. కాని అంతకుముందు సభల్లో నల్లవాళ్ళే స్పీకర్లుగా కూర్చున్నారు. నేను ఆ రెండింటినీ కలిపేశాను. ప్రిన్సిపాల్ గారికి చెప్పే కలిపాను.

కారు ఆగితే

రిహార్సల్ జరుగుతోంది. ఇద్దరు స్పీకర్లూ వేదిక మీద రెండు కుర్చీల్లో పక్కపక్కన కూర్చుని సుత్తులు బాదుతున్నారు. బయట కారు ఆగింది. రఘును తీసుకుపోవడానికి ప్రెసిడెంటు గారే వచ్చి, కారులోంచే హాల్లోకి చూశారు.

ప్రభుదాసు చివ్వున లేచి నిలబడ్డాడు. చేతిలో సుత్తి కిందపడింది. కారు వెళ్ళిపోయేదాకా అలాగే ఉన్నాడు. పిల్లలు గొల్లుమని నవ్వారు. వాడు నవ్వలేదు.

అందరూ పోయాక నా దగ్గరికి వచ్చాడు. "మేడమ్, మా ఇల్లు ఆయన పొలం దిబ్బ మీద ఉండాది. మా నాయన ఆయన సేద్యంలోనే పుట్టి పెరిగినాడు. ఆయన ఎదురుగా మా నాయన కూర్చోంగా నేనెప్పుడూ చూళ్ళేదు. ఆ రోజు ఆయన వస్తాడు గదా. నేను కూర్చోనుంటే మమ్మల్ని ఆడ ఉండనిస్తారో లేదో చెప్పలేను" అన్నాడు.

ప్రెసిడెంటు గారు చెడ్డమనిషి కాదు. కాలేజీకి స్థలమిచ్చింది ఆయనే. గట్టిగా మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు. గట్టిగా మాట్లాడాల్సిన అవసరం ఆయనకు ఎప్పుడూ పడలేదు. నేను ప్రిన్సిపాల్ గారి దగ్గరికి పరుగెత్తి, ప్రెసిడెంటు గారు వచ్చేటప్పుడు ప్రభుదాసు కూడా లేచి నిలబడేట్టు, ఆయన కూర్చున్నాకే సభ మొదలుపెడదామన్నాను.

"ఆయన ఎప్పుడు టైముకొచ్చాడమ్మాయ్? సాయంత్రం దాకా పిల్లల్ని ఎండబెడతామా? మొదలుపెట్టాల్సిందే. మొదలయ్యాక స్పీకరు లేవకూడదు. సాక్షాత్తూ రాజుగారొచ్చినా లేవకూడదు. అది సభకు ప్రాణం!"

"ఆ పిల్లవాడి ఇల్లు పోతుందండీ."

"నాకు రూలు తెలుసు, ఇళ్ళ సంగతి తెలీదు. ఏం చెయ్యాలో వాణ్ణే అడుగు" అన్నారు.

అడిగాను. కావాలంటే వేషం మార్చుకోమన్నాను. లేవాలనిపిస్తే లేచి నిలబడమనీ, నేనేమీ అనుకోననీ చెప్పాను. "మా నాయన్ని అడిగొస్తా మేడమ్" అని ఊరికి పోయాడు. మర్నాడు వచ్చి, "నీ ఇష్టం అన్నాడు మేడమ్" అన్నాడు.

సభ

ఆ రోజు హాలు కిటకిటలాడింది. వరండా కిటికీల దగ్గర కూడా జనమే. అందులో తలగుడ్డ తీసి భుజాన వేసుకుని నిలబడిన సన్నటి మనిషిని చూపించి, "మా నాయన ఏసోబు" అన్నాడు ప్రభుదాసు.

సభ మొదలైంది. ఇటొక స్పీకరు "నిశ్శబ్దం!" అంటే అటొక స్పీకరు "నిశ్శబ్దం!" అంటాడు. జనం పొట్ట చెక్కలయ్యేట్టు నవ్వుతున్నారు. ఇంతలో దొరల తరఫు ఎర్రచొక్కాల దళం కర్రలు పట్టుకుని లోపలికొచ్చింది. అది నెల్లూరు, అవి అరవైలు. ఎర్రచొక్కా కనబడేసరికి వెనక నిలబడ్డ హోటలు పనివాళ్ళు "ఇంక్విలాబ్ జిందాబాద్!" అని అందుకున్నారు. పాపం, ఆ చొక్కాలు దొరల మనుషులవని నచ్చచెప్పేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది.

ఆ గోలలోనే ప్రెసిడెంటు గారు వచ్చారు.

హాలంతా లేచింది. ప్రిన్సిపాల్ గారు లేచారు, నేనూ లేచాను. వేదిక మీద రఘు మేనమామను చూడగానే రూలు సంగతి మరిచి చటుక్కున లేచి చేతులు కట్టుకున్నాడు. ప్రభుదాసు లేవలేదు. కుర్చీ చేతుల్ని పట్టుకుని, బిర్రబిగుసుకుని కూర్చున్నాడు.

ప్రెసిడెంటు గారు నడవ మధ్యలో ఆగిపోయారు. ఆయన ప్రభుదాసు వైపే చూస్తున్నారు.

ప్రభుదాసు సుత్తి ఒక్కసారి బాదాడు. "సభ తరఫున గౌరవ అతిథి గారికి నమస్కారం. సభ నడుస్తూ ఉంది. దయచేసి కూర్చోండి" అన్నాడు.

ఆయన కూర్చున్నారు. అందరూ కూర్చున్నారు. రఘు మాత్రం చేతులు కట్టుకుని అలాగే నిలబడి ఉన్నాడు. ప్రభుదాసు వాడివైపు తిరిగి, "రెండో స్పీకరు గారూ, తమరు కూడా కూర్చోవచ్చు" అన్నాడు. హాలు పగిలిపోయేట్టు నవ్వారు. రఘు కూడా తల కొట్టుకుంటూ నవ్వేశాడు. నేనూ నవ్వాను. నవ్వుతూనే ప్రెసిడెంటు గారి మొహం చూశాను. ఆయన వేదిక మీది జరీ కండువాల్ని, పొడుం డబ్బీని, వెండిపొన్ను కర్రను ఒక్కొక్కటిగా చూస్తున్నారు.

"ఈ ఎర్రచొక్కాలేంది? కమ్యూనిస్టులా?" అని ప్రిన్సిపాల్ గారిని మెల్లిగా అడిగారు.

"కాదండీ. భూస్వాముల మనుషులు" అన్నారు ప్రిన్సిపాల్ గారు, ఎంతో వినయంగా. ఆ మనిషికి లోకజ్ఞానం సున్నా.

ఆఖర్న ప్రెసిడెంటు గారు ఆ ఏడాది కాలువలకు నీళ్ళు బాగా వచ్చాయని రెండు మాటలు మాట్లాడి, కాఫీ తాగకుండా వెళ్ళిపోయారు. ప్రిన్సిపాల్ గారు వేదికెక్కి ప్రభుదాసు చెయ్యి పట్టుకుని ఊపేశారు. "స్పీకరంటే నువ్వు! లండన్‌లో కూడా ఇంత బాగా కూర్చోరు!" అన్నారు.

ఈ వృత్తిలోకి వచ్చేవాళ్ళు ఒకటి గుర్తుపెట్టుకోండి. పాఠం తరగతి గది గోడల మధ్యే ఉండిపోతుందనుకోవద్దు. అది బయటికి నడిచి ఎవరింటికి పోతుందో మనకు తెలీదు. అది మన ఇంటి మీదికి రాదు, పిల్లవాడి ఇంటి మీదికి పోతుంది. కాబట్టి వాడికి ముందే చెప్పండి, వాణ్ణి ఎంచుకోనివ్వండి. భయపడి పాఠం మాత్రం మానేయకండి.

ప్రభుదాసు ఏమయ్యాడని అడుగుతారు కాబట్టి ముందే చెప్పేస్తాను. పరీక్ష రాశాడు, ప్యాసయ్యాడు, బి.ఇడి. చేసి హైస్కూల్లో సోషల్ మాస్టరయ్యాడు. రఘు వాడి పెళ్ళిలో వడ్డన చేశాడు. మిగిలింది ఏసోబు సంగతి.

ఏసోబు

సభ అయిన తర్వాతి వారం, పొద్దున్నే మా ఇంటి ముందు ఎద్దులబండి ఆగింది. బండి మీద కుండలు, చాప, ఒక చెక్కపెట్టె, గంప కింద కోళ్ళు. ప్రభుదాసు తల్లి పెట్టె మీద కూర్చుని ఉంది. ఏసోబు బండి దిగి గేటు దగ్గర నిలబడ్డాడు.

నన్ను తిట్టడానికే వచ్చాడనుకున్నాను. తిడితే పడాలనే గేటు తీశాను.

"ఏం జరిగింది పెద్దాయనా?"

"రెడ్డిగారు ఏమీ అన్లేదమ్మా. నన్ను చూళ్ళేదు, అంతే. పొలంలో ఎదురుపడినా చూళ్ళేదు. నిన్న మేస్త్రీ వచ్చి, ఇల్లున్న తావులో గడ్డివామి వెయ్యాలంట, ఖాళీ చెయ్యమన్నాడు. మా బామ్మర్ది ఈడ మిషన్ కాంపౌండులో తోటపని చేస్తుండాడు, ఆడనే ఉంటాం."

నాకు ఏడుపొచ్చింది. లోపలికి రమ్మన్నాను, రాలేదు. అరుగు మీద కూర్చోమన్నాను. కాసేపు తటపటాయించి అరుగు చివర కూర్చున్నాడు. మంచినీళ్ళు తాగి చెంబు పక్కన పెట్టాడు.

"ఒక మాట అడగతా, కోప్పడొద్దు. మావాడు కూర్చున్నాడే, అట్టాంటి కుర్చీ నిజ్జంగా ఉన్నిందా, ఉత్త నాటకమేనా?"

"నిజంగానే ఉండేది."

"అందులో ఎవురు కూర్చున్నారు?"

"బానిసలుగా ఉన్నవాళ్ళు, వాళ్ళ పిల్లలు."

"మళ్ళేమైంది?"

చెప్పాను. దొరల పక్షం వేరే హాలు చూసుకుందనీ, కొన్ని నెలలకు కేంద్ర ప్రభుత్వం తన సైనికుల్ని కాపలా నుంచి వెనక్కి పిలిచేసిందనీ, ఆ తర్వాత వీళ్ళ పక్షం నిలబడలేకపోయిందనీ చెప్పాను. మెల్లిమెల్లిగా ఓట్లు కూడా లాగేసుకున్నారన్నాను.

"అయ్యో" అన్నాడు ఏసోబు. అది నిన్న జరిగినట్టు, తన వీధిలో జరిగినట్టు అన్నాడు. "మరి ఇప్పుడో? ఆ సభలో మనోళ్ళు ఉండారా?"

అబద్ధం చెప్దామనిపించింది. చెప్పలేకపోయాను. "లేరు. ఇప్పుడిప్పుడే వాళ్ళ ఓటు కోసం చట్టం వచ్చిందని పేపర్లో రాశారు. ఆ రాష్ట్రం సభలో ఇంకా ఒక్కరు కూడా లేరు."

ఏసోబు లేచి తలగుడ్డ చుట్టుకుని బండెక్కాడు. పగ్గాలు చేతికి తీసుకుని నా వైపు తిరిగాడు. నవ్వుతున్నాడు.

"అయితే ఈ తూరి వాళ్ళకంటే ముందు మావాడే కూర్చున్నాడు గదమ్మా!" అని ఎద్దుల్ని అదిలించాడు.